రింగ్ లైట్ వద్దు, రేడియం స్టిక్కర్ తెచ్చుకోండి: వెలుగుతో డాన్స్ తీయడం

ఈ ఎపిసోడ్ విశాఖపట్నం ఆటోనగర్ నుంచి. వెనకాల గీర్రుమని వినిపిస్తున్న సౌండ్ మా మైక్ ప్రాబ్లం కాదు, పక్క షెడ్డులో గ్రైండింగ్ నడుస్తోంది. ఆపమని అడగలేదు. వాళ్ల పని వాళ్లది, మన పని మనది. ఈ రోజు టాపిక్‌కి ఆ సౌండ్ కూడా కావాలి, ఎందుకో తర్వాత చెప్తాను.

డాన్స్ వీడియోల గురించి మీరు పంపే మెసేజ్‌ల్లో ఎక్కువగా వచ్చేది ఒకటే ప్రశ్న. ఏ రింగ్ లైట్ కొనాలి? దాని వెనకే ఇంకో మాట నెమ్మదిగా వస్తుంది. నేను కొంచెం నలుపు, వీడియోలో మొహం సరిగ్గా రాదు, ఏ ఫిల్టర్ పెట్టాలి అని. మొదటి ప్రశ్నకి జవాబు సింపుల్: ఏదీ కొనొద్దు. రెండోదానికి జవాబు చెప్పడానికే ఈ ఎపిసోడ్ మొత్తం.

ముందు రింగ్ లైట్ ఏం చేస్తుందో చూద్దాం. లెన్స్ చుట్టూ గుండ్రంగా ఉండి ఎదురుగా మొహం మీద పడుతుంది. నీడ అనేదే ఉండనివ్వదు. ముక్కు పక్కన నీడ లేదు, మెడ కింద నీడ లేదు, భుజం దగ్గర కండ ఎక్కడ లేచిందో తెలీదు. మొహం చూపించి మాట్లాడేవాళ్లకి అది ఓకే. డాన్స్‌కి మాత్రం శత్రువు. డాన్స్ అంటే ఒళ్లు తిరగడం, వంగడం, బరువు ఒక కాలి నుంచి ఇంకో కాలికి మారడం. అవన్నీ కంటికి తెలిసేది నీడల వల్లే. నీడ తీసేస్తే మిగిలేది అట్టముక్క మీద ప్రింట్ చేసిన బొమ్మ.

పైగా ఫోన్ కూడా తన సొంత తెలివి వాడుతుంది. ఫ్రేములో మొహం కనపడగానే దాన్ని వెలిగించాలని చూస్తుంది. బ్యూటీ మోడ్ ఆన్‌లో ఉంటే చర్మాన్ని నున్నగా, తెల్లగా చేసేస్తుంది. మీరు అడగకుండానే. ఇది ఈ మధ్య పుట్టిన జబ్బు కూడా కాదు. ఫిల్మ్ రీళ్ల కాలంలో కోడాక్ కంపెనీ ల్యాబులకి ఒక కార్డు పంపేది, రంగులు సరిగ్గా వచ్చాయో లేదో పోల్చి చూసుకోవడానికి. దాని మీద ఒక తెల్ల అమ్మాయి ఫోటో. షర్లీ కార్డ్ అనేవాళ్లు. ఆ అమ్మాయి బాగా వచ్చిందంటే ఫోటో కరెక్ట్. నల్లవాళ్లు సరిగ్గా రాకపోతే అది ఫిల్మ్ తప్పు అని చాలా ఏళ్లు ఎవరూ అనుకోలేదు. ముదురు రంగులు సరిగ్గా రావట్లేదని గట్టిగా గొడవపెట్టిన వాళ్లలో చాక్లెట్ యాడ్లు, చెక్క ఫర్నిచర్ యాడ్లు తీసే కంపెనీలు ఉన్నాయట. అంటే బీరువా రంగు సరిగ్గా రావాలని అడిగితే పని జరిగింది! నవ్వొస్తుంది కానీ, కాసేపటికి ఒళ్లు మండుతుంది.

అందుకని "నేను వీడియోలో బాగా రాను" అనే మాట దగ్గర ఆగండి. మీరు రాకపోవడం కాదు. లైటు తప్పు చోట ఉంది.

ఇది కొత్తగా నేను కనిపెట్టింది కాదు. మన దగ్గర కరెంటు రాకముందే తెలిసిన విషయం. కూచిపూడి భాగవతుల ఆట రాత్రిపూట ఆరుబయట జరిగేది. పాత్ర ప్రవేశం అంటే ఇద్దరు తెర పట్టుకుంటారు. భామాకలాపంలో సత్యభామ ముందు మొహం చూపించదు, తెర మీదుగా జడ బయటికి వేస్తుంది. రెండు పక్కలా దివిటీలు. సరిగ్గా పాత్ర వచ్చే టైంకి ఆ దివిటీ మీద గుగ్గిలం పొడి చల్లుతారు, భగ్గుమని మంట లేస్తుంది. ఆ ఒక్క క్షణం వెలుగులో కిరీటం, కళ్లు, చెయ్యి. మళ్లీ చీకటి. ఇవాళ మనం కట్, ఫ్లాష్, రివీల్ అంటున్నామే, అది ఇదే. మన ఉత్తరాంధ్రలో తూర్పు భాగవతం ఆడేవాళ్లకీ భామాకలాపమే ప్రాణం. ఒళ్లు ఎప్పుడు కనపడాలి, ఎంత కనపడాలి అనేది కూడా డాన్స్‌లో భాగమే అని వాళ్లకి తెలుసు.

తోలుబొమ్మలాట ఇంకా తమాషాగా ఉంటుంది. మేక తోలుని బాగా పల్చగా, వెలుతురు దూరేలా చేస్తారు. నగల చోట చిన్న చిన్న రంధ్రాలు కొడతారు. రంగులు వేసి, తెల్ల తెర వెనక పెట్టి, దాని వెనక దీపం. బొమ్మని తెరకి ఆనిస్తే గీత గీసినట్టు కనపడుతుంది. కొంచెం వెనక్కి లాగితే పెద్దదై మసకబారుతుంది. అంటే ఫోకస్, జూమ్ రెండూ చేతిలోనే. ఆడించేవాళ్లు కాలికి గజ్జెలు కట్టుకుని కింద చెక్క పలకల మీద తొక్కుతారు, బొమ్మ అడుగులకి ఆ సౌండ్. శ్రీ సత్యసాయి జిల్లా ధర్మవరం దగ్గర నిమ్మలకుంట అనే ఊళ్లో ఇప్పటికీ ఈ బొమ్మలు చేస్తున్నారు. అక్కడి దళవాయి చలపతిరావు గారికి 2020లో పద్మశ్రీ వచ్చింది. నేను చెప్పాలనుకున్న పాయింట్ ఏంటంటే, ఆ బొమ్మ తోలు తెలుపా, నలుపా అని ఎవరూ అడగరు. వెలుగు వెనక నుంచి వస్తుంది కాబట్టి. ఎదుటి నుంచి పడే లైట్ ఒంటి రంగు చూపిస్తుంది. వెనక నుంచి, పక్క నుంచి పడేది ఒంటి ఆకారం చూపిస్తుంది.

ఈ ఒక్క ముక్క పట్టుకుని ప్రపంచంలో కొంతమంది చిన్న చిన్న సినిమాలు తీశారు. కథ ఉండదు, డైలాగ్ ఉండదు. ఒకరో ఇద్దరో మనుషులు, వెలుగు, కదలిక. ఎక్స్‌పెరిమెంటల్ ఫిల్మ్స్ అంటారు. పేరు చూసి భయపడకండి, చాలావరకు 15 నిమిషాల లోపే. నాకు బాగా ఇష్టమైనవి మూడు చెప్తాను.

మొదటిది 1945లోది. తీసింది మాయా డెరెన్, ఉక్రెయిన్‌లో పుట్టి అమెరికాలో పెరిగిన ఆవిడ. 16 ఎంఎం చిన్న కెమెరా. సినిమా సుమారు 3 నిమిషాలు, సౌండ్ లేదు. పేరు "ఎ స్టడీ ఇన్ కొరియోగ్రఫీ ఫర్ కెమెరా". అందులో ఒకే డాన్సర్, టాలీ బీటీ, నల్లజాతి కుర్రాడు. అడవిలో నిలబడి నెమ్మదిగా కాలు లేపుతాడు. ఆ కాలు దిగేది ఒక ఇంటి గదిలో. మధ్యలో కట్ ఉంది, కానీ కదలిక ఆగదు. అదే అడుగు, రెండు చోట్లు. గదిలోంచి మ్యూజియంలోకి వెళ్తాడు. చివర్లో ఒక గెంతు ఉంది చూడండి, మనిషి గాల్లోకి లేచి ఎంతకీ దిగడు. వేరువేరు షాట్లు అతికించి ఒక్క గెంతు చేశారు. ఏ స్టేజీ మీదా మనిషి అంతసేపు గాల్లో ఉండలేడు. కాబట్టి అది డాన్స్‌ని రికార్డ్ చేసిన సినిమా కాదు, సినిమాలో తప్ప ఎక్కడా లేని డాన్స్. డెరెన్ టైటిల్‌లో తన పేరు పక్కనే బీటీ పేరు కూడా వేసింది. ఆ కాలంలో ఒక నల్ల డాన్సర్‌కి అలా సమానంగా పేరు వేయడం చిన్న విషయం కాదు. మీ వీడియోలో మీ ఫ్రెండ్ డాన్స్ చేస్తే, పోస్ట్ చేసేటప్పుడు వాడి పేరు వేయండి, సరేనా.

మీరు ఇన్‌స్టాలో చేసే ట్రాన్సిషన్లు, అదే, గెంతగానే డ్రెస్ మారిపోవడం, చెయ్యి ఊపగానే బీచ్‌కి వెళ్లిపోవడం, వాటన్నిటికీ ముత్తాత ఈ 3 నిమిషాలే. తేడా ఒక్కటే. మనం డ్రెస్ మారిందని చూపించడానికి వాడుతున్నాం, ఆవిడ కాలు ఎంత దూరం వెళ్లగలదో చూడ్డానికి వాడింది.

రెండోది "పా ద దూ". అంటే ఇద్దరి డాన్స్ అని ఫ్రెంచి మాట. 1968, కెనడా నేషనల్ ఫిల్మ్ బోర్డు. తీసింది నార్మన్ మెక్‌లారెన్. మార్గరెట్ మెర్సియర్, విన్సెంట్ వారెన్ అనే ఇద్దరు బాలే డాన్సర్లు, 13 నిమిషాలు. నేల నలుపు, వెనక నలుపు. లైట్లు వెనకా పక్కలా. ఎదురుగా ఏమీ లేదు. దాంతో ఒంటి అంచులు మాత్రమే సన్నగా వెలుగుతాయి, ఎవరో సుద్దముక్కతో మనిషిని గీసినట్టు. కాసేపయ్యాక ఆమె చెయ్యి ఎత్తితే ఆ చెయ్యి వెనకే ఇంకో చెయ్యి, దాని వెనక ఇంకోటి, విసనకర్ర విప్పినట్టు తెరుచుకుంటాయి. దీనికి కంప్యూటర్ వాడలేదు. అదే ఫిల్మ్ ముక్కని కొన్ని ఫ్రేములు వెనక్కి జరిపి మళ్లీ ప్రింట్ చేశారు, మళ్లీ జరిపి మళ్లీ, కొన్ని చోట్ల 11 సార్ల దాకా. కదలిక అయిపోగానే ఆ చేతులన్నీ ఒక్కొక్కటిగా వచ్చి అసలు చేతిలో కలిసిపోతాయి. అక్కడ నాకైతే ప్రతిసారీ గొంతులో ఏదో అడ్డుపడుతుంది. ఒక మనిషి అర క్షణం క్రితం ఎక్కడ ఉన్నాడో కూడా చూస్తున్నాం మనం. నేషనల్ ఫిల్మ్ బోర్డు వాళ్ల సైట్‌లో ఫ్రీగానే ఉంది. ఫోన్‌లో చూస్తే రాత్రి లైట్లు ఆర్పేసి, హెడ్‌ఫోన్స్ పెట్టుకుని చూడండి. బస్సులో మాత్రం చూడకండి, సగం పోతుంది.

మీ ఫోన్‌లో ఇది చేయొచ్చు. కైన్‌మాస్టర్ లాంటి లేయర్లు వేసుకునే యాప్ ఏదైనా చాలు. నల్ల బ్యాక్‌గ్రౌండ్ మీద తీసిన క్లిప్ ఒకటి కింద వేయండి. అదే క్లిప్ పైన ఇంకో లేయర్‌గా, 3, 4 ఫ్రేములు ఆలస్యంగా. బ్లెండ్‌లో స్క్రీన్ అని ఉంటుంది, అది పెట్టండి. నలుపు మాయమై వెలుగు మాత్రం మిగులుతుంది. ఇంకో రెండు లేయర్లు వేయండి. యాప్ బిక్కచచ్చిపోతే రెండు రెండు కలిపి సేవ్ చేసుకుని మళ్లీ కలపండి. మెక్‌లారెన్ నెలల తరబడి పడ్డ కష్టం మనకి ఒక సాయంత్రం. ఒకటే కండిషన్, బ్యాక్‌గ్రౌండ్ నిజంగా నల్లగా ఉండాలి. గోడ కొంచెం కనపడినా నాలుగు లేయర్లకి అంతా బూడిద రంగు.

మూడో సినిమా గురించి చివర్లో చెప్తాను, దాంతో మీకు పని ఉంది. మన దేశంలో కూడా తీశారు. ఫిల్మ్స్ డివిజన్‌లో ప్రమోద్ పతి అని ఒడిశా నుంచి వచ్చిన ఆయన 1968లో "ఎక్స్‌ప్లోరర్" తీశాడు. కుర్రకారు డాన్సులు, మంత్రాలు, యంత్రాలు, అన్నీ టపటపా కట్లు. గవర్నమెంటు డబ్బుతో ఇలాంటిది తీశారంటే ఇప్పటికీ నమ్మబుద్ధి కాదు.

సరే, ఇప్పుడు ఆటోనగర్‌కి ఎందుకొచ్చామో చెప్తాను. ఇక్కడ లారీ బాడీలు కడతారు, లేత్ పనులు, డెంటింగ్, పెయింటింగ్, ఏది కావాలంటే అది. వాటితో పాటు స్టిక్కర్ షాపులు. లారీ వెనక ఎరుపు, తెలుపు పట్టీలు వేస్తారు కదా, రాత్రి హెడ్‌లైట్ పడితే మెరిసేవి. మనందరం రేడియం అంటాం. అందులో రేడియం ఏమీ ఉండదు. కంటికి కనపడనంత చిన్న గాజు పూసలు గానీ, ముక్కోణపు అద్దాల్లాంటి గళ్లు గానీ ఉంటాయి. వాటి స్పెషాలిటీ ఏంటంటే, వెలుగు ఎటు నుంచి వస్తే తిరిగి అటే పంపిస్తాయి. అద్దంలా ఇంకో వైపుకి కాదు, వచ్చిన దారినే. అందుకే డ్రైవర్‌కి ధగధగ మెరుస్తుంది, రోడ్డు పక్కన నిలబడ్డవాడికి ఏమీ కనపడదు.

ఇప్పుడు మీ ఫోన్ వెనక్కి తిప్పి చూడండి. లెన్స్ పక్కనే ఫ్లాష్. ఇంచు దూరం కూడా లేదు. అంటే ఫ్లాష్ ఆన్ చేసి వీడియో తీస్తే, ఆ స్టిక్కర్ వెలుగంతా నేరుగా లెన్స్‌లోకే వస్తుంది. అర్థమైందా ఎక్కడికి వెళ్తున్నామో?

ఒక నల్ల ఫుల్ హ్యాండ్స్ టీషర్టు, నల్ల ప్యాంటు. స్టిక్కర్‌ని వేలు వెడల్పు పట్టీలుగా కోయండి. భుజం నుంచి మోచేతికి ఒకటి, మోచేతి నుంచి మణికట్టుకి ఒకటి. నడుం నుంచి మోకాలు, మోకాలు నుంచి చీలమండ. రెండు వైపులా. వీపు మీద నిలువుగా ఒకటి. చర్మం మీద డైరెక్టుగా అంటించకండి, పీకేటప్పుడు ఏడుస్తారు. రాత్రి, మేడ మీద, వెనక దగ్గర్లో గోడ లేని చోట, ఫోన్‌కి 10, 12 అడుగుల దూరంలో నిలబడండి. ఫోన్ స్టాండ్ మీద గానీ ఇటుకకి ఆనించి గానీ. ఫ్లాష్ ఆన్. స్క్రీన్ మీద ఆ మెరిసే పట్టీ మీద వేలు నొక్కి పట్టుకోండి, చాలా ఫోన్లలో లాక్ అయినట్టు గుర్తు వస్తుంది. పక్కన సూర్యుడి బొమ్మ వస్తే దాన్ని కిందికి లాగండి, బాగా కిందికి. మొహం పోతుంది. బట్టలు పోతాయి. చీకట్లో ఎనిమిది తొమ్మిది గీతలు మిగులుతాయి. ఇక కదలండి.

మేము నిన్న రాత్రి ఇక్కడ ట్రై చేస్తుంటే వాచ్‌మన్ బాబాయ్ వచ్చి "ఏటి గురూ, చీకట్లో గెంతుతున్నారేటి?" అన్నాడు. పాపం ఆయన పక్కన నిలబడ్డాడు, ఆయనకి నిజంగానే చీకట్లో ఎవరో గెంతడమే కనపడింది. ఫోన్ స్క్రీన్ చూపిస్తే అలాగే ఉండిపోయాడు. తర్వాత నన్ను కూడా తీయండి అన్నాడు. తీశాం.

అరమండి వేసి చూడండి. మోకాళ్లు పక్కలకి విప్పి కూర్చున్నట్టు ఉంటుంది కదా, నాలుగు గీతలు కలిసి వజ్రం ఆకారం వస్తుంది. ఒక్క ఇంచు లేచినా ఆ ఆకారం చెడిపోతుంది, దాక్కోవడానికి వీల్లేదు. కూచిపూడి నేర్చుకుంటున్న పిల్లలకి ఇది టీచర్ కంటే కఠినం. మన వైపు తప్పెటగుళ్లు ఉన్నాయి, ఛాతీకి రేకు వాయిద్యం కట్టుకుని, వాయిస్తూ ఎగురుతూ తిరుగుతారు. అది ఈ గీతల్లో చూస్తే ఎలా ఉంటుందో ఊహించుకోండి. అరకు ధింసాలో ఆడవాళ్లు ఒకరి వెనక ఒకరు చేతులు పెనవేసుకుని నడుస్తారు, అందరి కాళ్లకీ మాత్రమే పట్టీలు వేస్తే? ఎవరైనా చేయండయ్యా, నాకు చూడాలని ఉంది.

ఇది కూడా పాత ఐడియానే. 1880ల్లో ఫ్రాన్స్‌లో ఎత్యెన్ జూల్ మరే అనే సైంటిస్టు మనిషికి నల్ల సూటు వేసి, కాళ్లకీ చేతులకీ తెల్ల పట్టీలు పెట్టి, నడిపించి, ఒకే ప్లేటు మీద వరసగా ఫోటోలు తీశాడు. సినిమా ఇంకా పుట్టలేదు అప్పటికి. ఆయనకి డాన్స్ అక్కర్లేదు, నడక ఎలా జరుగుతుందో తెలియాలి. ఇవాళ సినిమాల్లో మోషన్ క్యాప్చర్ అంటే అదే పద్ధతికి మనవడు.

ఇంతకంటే నన్ను ఆశ్చర్యపరిచింది 1973 సంగతి. స్వీడన్‌లో గున్నర్ యోహాన్సన్ అనే సైకాలజిస్టు పట్టీలు కూడా తీసేశాడు. కీళ్ల దగ్గర మాత్రం పది పన్నెండు చుక్కలు. చిన్న బల్బులతో కొన్ని, ఇలా మెరిసే ముక్కలతో కొన్ని తీశాడు. ఆ వీడియో ఆపి ఒక్క ఫ్రేము చూపిస్తే ఎవరికీ ఏమీ అర్థం కాదు, ఏవో చుక్కలు. ప్లే చేయగానే, సెకనులో చిన్న భాగంలో, మనిషి నడుస్తున్నాడు అని అందరూ చెప్పేశారు. ఆ తర్వాత 1977లో అమెరికాలో కటింగ్, కొజ్లోస్కీ అనే ఇద్దరు ఇంకో అడుగు ముందుకేశారు. ఫ్రెండ్స్ బ్యాచ్‌ని తీసుకుని, వాళ్ల నడకలే ఈ పద్ధతిలో తీసి, ఎవరు ఎవరో చెప్పమన్నారు. ప్రతిసారీ కరెక్ట్ కాదు గానీ, గుడ్డిగా చెప్తే వచ్చే దానికంటే స్పష్టంగా ఎక్కువసార్లు గుర్తుపట్టారు. మొహం లేదు, రంగు లేదు, జుట్టు లేదు, బట్టలు లేవు. నడక ఒక్కటే.

అంటే మీరు నలుపా తెలుపా, లావా సన్నమా అని మీరు కంగారుపడుతున్న లిస్టు మొత్తం తీసేశాక కూడా మీరు మిగిలే ఉన్నారు. మీ ఫ్రెండ్ మిమ్మల్ని దాంతోనే గుర్తుపడతాడు. ఫిల్టర్ పెట్టి మొహం మార్చుకున్నప్పుడు కాదు.

దీంట్లో ఇంకో ఉపయోగం ఉంది, కొంతమందికి ఇది అవసరం అని నాకు తెలుసు. ఇంట్లో డాన్స్ అంటే ఒప్పుకోరు, వీడియో పెడితే చుట్టాలు ఫోన్లు చేస్తారు, కాలేజీలో కామెంట్లు. ముఖ్యంగా చెల్లెళ్లు చాలామంది రాస్తారు ఇది. మొహం కనపడని డాన్స్ ఫిల్మ్ వాళ్లకి ఒక దారి. కాకపోతే పూర్తిగా దాక్కోగలం అని నమ్మకండి. ఇప్పుడే చెప్పాను కదా, నడక తెలిసినవాళ్లు పట్టేస్తారు. అమ్మ అయితే మొదటి అడుగుకే.

ఇప్పుడు ఆటోనగర్‌లో ఉన్న ఇంకో వెలుగు గురించి. వెల్డింగ్. చూడ్డానికి అద్భుతంగా ఉంటుంది, నీలం వెలుగు, పొగ, నీడ గోడ మీద ఎగురుతుంది. ప్రతి కుర్రాడికీ అది తీయాలనిపిస్తుంది. వద్దు. ఆర్క్ వెలుగులో అల్ట్రావయొలెట్ కిరణాలు ఉంటాయి, దగ్గర నుంచి వట్టి కళ్లతో కాసేపు చూసినా అప్పటికి ఏమీ తెలీదు. కొన్ని గంటల తర్వాత కళ్లలో ఇసుక పోసినట్టు మంట, నీళ్లు. ఇక్కడ పనిచేసే అన్నలని అడగండి. ఫోన్ కెమెరాకి కూడా అంత వెలుగు దగ్గర నుంచి మంచిది కాదు. ఆ వెలుగు కావాలంటే వెల్డింగ్ చేసే చోటుకి మీకు మధ్య లారీ డోరో గోడో అడ్డం ఉండేలా, ఆర్క్ ఎక్కడి నుంచీ కనపడకుండా, దూరం గోడ మీద పడే వెలుగు మాత్రమే తీయండి. అదీ షెడ్డు ఓనర్‌ని అడిగి. రోడ్డు మీద షూట్ అసలు వద్దు, ఇటు పోర్టుకీ స్టీల్ ప్లాంటుకీ పోయే పెద్ద బళ్లు తిరిగే ఏరియా ఇది.

పనిచేసేవాళ్లని తీయొచ్చా అని అడుగుతారు. అడిగి తీయండి. తీసింది వాళ్లకి చూపించండి, వద్దంటే డిలీట్ చేయండి, వాళ్ల ముందే. టైరు విప్పేటప్పుడు నడుం ఎలా వంగుతుందో, సుత్తి ఎత్తే ముందు కాలు ఎక్కడ పెడతారో చూస్తే అందులో ఎన్నో ఏళ్ల లెక్క ఉంది. అది డాన్సే అని నేను అనను, అలా అంటే వాళ్ల నడుం నొప్పి మర్చిపోయినట్టు అవుతుంది. కానీ మీ డాన్స్‌కి అందులో నేర్చుకోవడానికి చాలా ఉంది. బరువు నిజంగా ఎత్తే ఒళ్లు, ఎత్తినట్టు నటించే ఒళ్లు ఒకలా ఉండవు.

సెట్టింగులు చెప్పేస్తాను, స్క్రీన్‌షాట్ తీసుకోండి. మన దేశంలో కరెంటు 50 హెర్ట్జ్. దానివల్ల ట్యూబ్‌లైటు, చవక ఎల్ఈడీ బల్బులు సెకనుకి 100 సార్లు మినుకుతాయి. కంటికి తెలీదు, కెమెరాకి తెలుస్తుంది. వీడియోలో నల్ల చారలు పాకుతుంటాయే, అదే. ప్రో మోడ్ ఉంటే షట్టర్ 1/50 గానీ 1/100 గానీ పెట్టండి, చారలు పోతాయి. 1/60 పెడితే మళ్లీ వస్తాయి. స్లో మోషన్ అయితే ఆ బల్బుల కింద తీయకండి, ఎండలో తీయండి. షట్టర్ అంటే ఏంటో తెలీకపోతే, ఈ ఎదురుగా షాపు షట్టర్ చూడండి. ఎంతసేపు తెరిచి ఉంటే అంత సరుకు లోపలికి వస్తుంది. 1/50 లో చెయ్యి ఊపితే చెయ్యి కొంచెం పాకినట్టు, మెత్తగా వస్తుంది. 1/1000 లో రాయిలా ఆగిపోతుంది. ఏది కావాలో మీ ఇష్టం, కానీ ఫోన్‌కి వదిలేయకండి. ఐఎస్ఓ ఎంత తగ్గిస్తే నలుపు అంత నల్లగా ఉంటుంది. బ్యూటీ మోడ్ ఆఫ్, ఇది మాత్రం కంపల్సరీ. రేడియం లేకుండా మామూలు లైట్‌తో తీయాలంటే ఒకే ఒక్క బల్బు, మీకు పక్కనా కొంచెం వెనకగా, భుజం ఎత్తులో. ఒళ్లు చెమట పట్టి ఉంటే ఇంకా మంచిది, అంచు మెరుస్తుంది. ముదురు చర్మం మీద ఆ మెరుపు ఎంత బాగుంటుందో ఒకసారి చూస్తే, రింగ్ లైట్ ఆన్‌లైన్‌లో అమ్మేస్తారు.

ఇక మూడో సినిమా. "నైన్ వేరియేషన్స్ ఆన్ ఎ డాన్స్ థీమ్", 1966, అమెరికా, తీసింది హిలరీ హారిస్. బెట్టీ డి జాంగ్ అనే డాన్సర్ ఒక చిన్న డాన్స్ చేస్తుంది. నేల మీద నుంచి లేచి, తిరిగి, మళ్లీ నేల మీదకి. అంతే. దాన్నే 9 సార్లు చూపిస్తారు. మొదటిసారి మామూలుగా, ఒళ్లంతా కనపడేలా. తర్వాత కెమెరా దగ్గరికి వస్తుంది, చుట్టూ తిరుగుతుంది, పోను పోను చెయ్యి, మెడ, పాదం ముక్కలు ముక్కలుగా. స్టెప్పు మారలేదు. కానీ ఐదోసారికి మీరు చూస్తున్నది వేరే డాన్స్ అనిపిస్తుంది.

అదే మీ పని. కొత్త పాట, ట్రెండింగ్ స్టెప్పు వద్దు. 8 లెక్కల చిన్న కదలిక ఏదైనా తీసుకోండి, రాని స్టెప్పు కాదు, నిద్రలో కూడా చేసేది. దాన్ని 9 రకాలుగా తీయండి. ఒకటి ఎదురు లైట్, ఒకటి పక్క లైట్, ఒకటి వెనక లైట్. ఒకటి దుప్పటి వెనక నీడ మాత్రమే, తోలుబొమ్మలాటలాగా. ఒకటి రేడియం పట్టీలతో. ఒకటి కాళ్లు మాత్రమే. ఒకటి సగం మేడ మీద, సగం ఆర్‌కే బీచ్‌లో, కాలు ఇక్కడ లేచి అక్కడ దిగాలి. ఒకటి నాలుగు లేయర్లతో. తొమ్మిదోది మీకే వదిలేస్తున్నా. మ్యూజిక్ కాపీరైట్ తలనొప్పి వద్దనుకుంటే చుట్టూ ఉన్న సౌండ్ వాడండి. ఈ గ్రైండింగ్ ఉంది కదా, ఇందాకటి నుంచీ మీ చెవులు తింటున్నది. దానికి కూడా ఒక తాళం ఉంది, ఆగి ఆగి వస్తుంది, వినండి.

పంపేటప్పుడు ఫైనల్ ఒక్కటే కాదు, తొమ్మిదీ పంపండి. లైట్ ఎక్కడ పెట్టారో, షట్టర్ ఎంతో, డాన్స్ చేసింది ఎవరో రాయండి. వాళ్ల పర్మిషన్ ఉందని కూడా. వచ్చే ఎపిసోడ్‌లో వాటిలో కొన్ని ఫ్రేము ఫ్రేముగా ఆపి చూద్దాం. స్టిక్కర్ కొనేటప్పుడు "తెలుపు రేడియం, మీటరు" అని అడగండి. ఎరుపు తీసుకోకండి, వీడియోలో బాగా డల్‌గా వస్తుంది.